కంపోస్టు డబ్బా వాసన వస్తోందా? టీ పొడి ఎలా వేస్తున్నారో చూడండి

వాసన రాగానే చాలామంది కల్చర్ పొడి (చెత్తను కుళ్లబెట్టే సూక్ష్మజీవులుండే పొడి) కొనడానికి పరుగెడతారు. దయచేసి ఆగండి. ముందు లోపలి నుంచి గుప్పెడు తీసి గట్టిగా పిండండి. ఒకటి రెండు చుక్కలు వస్తే సరిగ్గా ఉన్నట్టు. ధారగా కారితే తడి ఎక్కువై గాలి ఆడటం లేదు. ఎండుటాకులు కలిపి అడుగు దాకా తిరగేయండి. ఒక గిన్నె తొక్కలకు ఒకటిన్నర, రెండు గిన్నెల ఎండుటాకులు పడాలి. చాలా ఇళ్లలో గొడవ ఇక్కడే తీరిపోతుంది. అయినా ఈ పరీక్ష చేసేవాళ్లే తక్కువ.

ఆకులు సరిపడా వేస్తున్నా పులిసిన వాసన, చీమలు, చిన్న ఈగలు

బాగా తిప్పలు పెట్టేది ఇదే. పిండితే నీళ్లు కారవు, ఆకులకు లోటు లేదు, మూత తీస్తే మాత్రం విరిగిన పాల వాసన. అప్పుడు నేను అడిగేది ఒక్కటే: "టీ పొడి ఎలా వేస్తున్నారండీ?" వడకట్టి నేరుగా వేస్తున్నామంటే కారణం దొరికినట్టే.

మన ఇళ్లలో టీ అంటే పాలు, చక్కెర వేసి మరిగించేదే. ఆ రెండూ పీల్చుకున్న పొడి జాలీలో ముద్దయి, డబ్బాలోనూ ముద్దగానే పడి ఉంటుంది. ఒక ముద్ద విరిచి చూడండి. పైన ఎండినట్టే ఉంటుంది, మధ్యలో మాత్రం జిగురు. అక్కడికి గాలి చేరక పాలు పులుస్తాయి, చక్కెరకు చీమలు పడతాయి.

ఇంకో పొరపాటూ జరుగుతుంది. గోధుమ రంగు చూసి టీ పొడిని ఎండు సరుకు కింద లెక్కేసి ఆకులు తగ్గించేస్తారు. రంగు ఎలా ఉన్నా అందులో నత్రజని ఎక్కువ, అది కూరగాయల తొక్కల జాతే. దానికీ ఆకులు వేయాల్సిందే.

జాలీలో ఉండగానే కుళాయి కింద పెట్టి, పాల తెలుపు పోయేదాకా కడగండి. నీళ్లు పిండేసి, పాత పేపరు మీద పలచగా పరిచి, ఆరాక వేళ్లతో నలిపి వేయండి. డబ్బాలో ఇప్పటికే ఉన్న ముద్దలను ఏరి, చిదిపి, ఎండుటాకుల్లో కలిపేయండి. ఫిల్టర్ కాఫీ పొడికి పాలు తగలవు కాబట్టి కడగక్కర్లేదు, ఆకులు మాత్రం తప్పవు. టీ బ్యాగుల్లో చాలావాటి సంచికి ప్లాస్టిక్ కలుస్తుంది, చించి పొడి ఒక్కటే వేయండి.

మిగిలిన అన్నం కూడా ముద్దగా పడితే ఇంతే. కొద్దిగా, విడదీసి చల్లండి. ఊరగాయ, నూనె తేలే కూరలు అసలు వద్దు.

పురుగులు కనిపిస్తున్నాయి

లావుగా, మట్టి రంగులో ఉంటే అవి చాలావరకు బ్లాక్ సోల్జర్ ఫ్లై అనే ఒక రకం నల్ల ఈగ పిల్లలు. చెత్తను తొందరగా తినేస్తాయి, వదిలేయండి. చూడలేకపోతే పైన మందంగా ఆకులు కప్పండి.

ఎంతకీ కుళ్లడం లేదు

పొడిగా ఉంటే నీళ్లు చిలకరించి, ముక్కలు చిన్నవి చేయండి. మామిడి టెంకలు, కొబ్బరి చిప్పలు తీసేయండి. బంతిపూల దండలైతే దారం లాగేసి వేయండి. నిమ్మ తొక్కల భయం అక్కర్లేదు, ఇంట్లో వాడే కొద్దిపాటి తొక్కలకు ఏమీ కాదు.