‘రేఖావ’ని నలుగురితో కలిసి చూడాలంటే

హైదరాబాద్‌లో ఏ ఆదివారమో స్నేహితుల్ని ఇంటికి పిలిచి పాత సినిమా వేసే అలవాటు మీకుంటే, ఈసారి శ్రీలంక దర్శకుడు లెస్టర్ జేమ్స్ పీరిస్ తీసిన సింహళ సినిమా ‘రేఖావ’ వేయండి. 1956 చివర్లో వచ్చింది, మరుసటి ఏడాది ఫ్రాన్స్‌లోని కాన్స్ చిత్రోత్సవం పోటీకి వెళ్లింది. కానీ నేరుగా మొదలుపెట్టొద్దు.

ముందు ఓ పావుగంట, యాభైల్లో మద్రాసు స్టూడియోలో తీసిన మన సినిమా ఏదైనా పెట్టండి, పల్లెటూరి సీన్ ఉంటే మరీ మంచిది. సెట్‌లో వేసిన ఇల్లు, తెర మీద గీసిన ఆకాశం, అన్నివైపుల నుంచీ పడే లైట్లు అందరి కళ్లకూ అలవాటవ్వాలి. ఎందుకంటే 1947లో వచ్చిన తొలి సింహళ టాకీ ‘కడవును పొరొందువ’ మొదలు అప్పటి సింహళ సినిమాలు చాలావరకు మన దక్షిణాది స్టూడియోల్లోనే, మన పద్ధతిలోనే తయారయ్యేవి. పీరిస్, కెమెరామన్ విలియం బ్లేక్, ఎడిటర్ టైటస్ తొటవత్త ముగ్గురూ అక్కడి ప్రభుత్వ ఫిల్మ్ యూనిట్‌లో డాక్యుమెంటరీలు చేసినవాళ్లు, అది వదిలేసి బయటికొచ్చి, కెమెరాని నిజమైన ఊళ్లోకి, ఎండలోకి తీసుకెళ్లారు. ఆ తేడా కంటికి కనిపించాలి, మనం చెబితే సరిపోదు.

కథ మొత్తం ముందే చెప్పేయకండి. పొడుగు కర్రల మీద నడుస్తూ ఆట చూపించే ఒకాయన సేన అనే పిల్లాడి చెయ్యి చూసి గొప్ప వైద్యుడివవుతావంటాడు, కొన్నాళ్లకి చూపు పోయిన అనుల అనే అమ్మాయికి సేన చెయ్యి తగిలాక చూపొస్తుంది. ఇంతవరకే చెప్పండి. అక్కడి నుంచి ఊరి జనాన్ని గమనించమనండి, హీరోల కోసం వెతక్కుండా. పిల్లాణ్ణి దేవుణ్ణి చేసిన ఊరే తర్వాత అతని మీదకే తిరగబడటం మన దగ్గర ఎవరికీ విడమరచి చెప్పక్కర్లేదు, నాకైతే సినిమా ప్రాణమంతా అక్కడే ఉంది.

పాటలు దాటేయకండి. సునీల్ శాంత బాణీలు, క్రైస్తవ ఫాదర్ మార్సెలిన్ జయకొడి రాసిన మాటలు, రెండూ ఆ నేలవే.

సబ్‌టైటిల్స్ చదవలేని పెద్దవాళ్లుంటే పక్కన కూర్చుని మెల్లగా చెప్పండి.

అప్పట్లో జనం దీన్ని పెద్దగా చూడలేదు. అయినా సొంత ఊరు, సొంత మనుషులతో సినిమా తీయొచ్చని శ్రీలంక దర్శకులకి దారి చూపించింది ఇదే. ఆ దారి ఎంతదాకా వెళ్లిందో తెలియాలంటే పీరిస్‌దే ‘గంపెరళియ’ వేయండి, 1965లో ఢిల్లీ అంతర్జాతీయ చిత్రోత్సవంలో బంగారు నెమలి అవార్డు గెలిచింది. రెండూ ఒకే రోజు మాత్రం వద్దు, మధ్యలో ఓ వారం వదలండి.