హిప్ హాప్ నాటకం రాసి, రంగస్థలం మీదికి తేవడం ఎలా?

హిప్ హాప్ నాటకం వేద్దామనుకున్న చాలామంది ఒకే దారిలో వెళ్తారు. మామూలు నాటకం ఒకటి తీసుకుంటారు. నాయకుడికి టోపీ తిప్పి పెడతారు. మధ్యలో రెండు ర్యాప్‌లు, చివర ఒక బృంద నృత్యం చేరుస్తారు. ఆ ర్యాప్‌లనూ నృత్యాన్నీ తీసేసి చదివితే కథకు ఏ లోటూ రాదు. అలా లోటు రాకుండా తీసేయగలిగితే అది హిప్ హాప్ వేషం కట్టిన పాత నాటకమే. కింద చెప్పే ప్రతి మెట్టు దగ్గరా ఈ పరీక్ష పెట్టుకోండి: ఇది తీసేస్తే కథ ఆగిపోతుందా?

ముందు మూలం తెలుసుకోండి

1973 ఆగస్టు 11న న్యూయార్క్‌లోని బ్రాంక్స్‌లో, 1520 సెడ్జ్‌విక్ అవెన్యూ అనే అపార్ట్‌మెంట్ భవనంలో సిండీ క్యాంప్‌బెల్ ఒక పార్టీ ఏర్పాటు చేసింది. పాటలు వేసింది ఆమె అన్న క్లైవ్, అంటే డీజే కూల్ హెర్క్. పాటలో గాయకులు ఆగి డప్పుల దరువు మాత్రమే మిగిలే చోటు ఒకటి ఉంటుంది. దాన్ని బ్రేక్ అంటారు. నాట్యం చేసేవాళ్ళు ఆ చోటు కోసమే ఎదురుచూస్తున్నారని హెర్క్ గమనించాడు. ఒకే రికార్డు ప్రతులు రెండింటిని రెండు టర్న్‌టేబుళ్ళ మీద పెట్టి, కొన్ని సెకన్ల బ్రేక్‌ను నిమిషాల తరబడి సాగదీయడం మొదలుపెట్టాడు. ఆ బ్రేక్ మీద ఆడినవాళ్ళే బీ-బాయ్‌లు, బీ-గర్ల్‌లు.

నాటక రచయితకు ఇందులో పెద్ద పాఠం ఉంది. కథలో అందరూ ఎదురుచూసే ఒక్క క్షణాన్ని పట్టుకుని, దాన్ని ముందుకు పోనివ్వకుండా తిప్పి తిప్పి చూపించడం హిప్ హాప్ పుట్టుకలోనే ఉంది. తలుపు తట్టిన చప్పుడు వినబడింది. తెరవాలా వద్దా? మామూలు నాటకంలో అది ఒక్క వాక్యం. ఇక్కడ అదే ఒక దృశ్యం కావచ్చు.

డీజే, మైకు పట్టి ర్యాప్ చేసే ఎంసీ, ఆ బ్రేక్ మీద ఆడే నృత్యమైన బ్రేకింగ్, గోడల మీద రాసే గ్రాఫిటీ అనే నాలుగింటినీ హిప్ హాప్ అంగాలుగా చెబుతారు. అయిదోదిగా జ్ఞానాన్ని కలుపుతారు. అంటే ఈ కళ ఎవరిది, ఎందుకు పుట్టింది అన్న ఎరుక. ఆ అయిదోది లేనివాళ్ళు మిగతా నాలుగింటితో తీసేది ఎక్కువగా వెక్కిరింపు నాటకమే.

ముందువాళ్ళు ఏం చేశారో కూడా చూడండి. అమెరికా నృత్యదర్శకుడు రెనీ హారిస్ బృందం షేక్స్‌పియర్ రోమియో జూలియట్ కథను తీసుకుని, రెండు వర్గాల పగను రెండు నృత్యశైలుల మధ్య పోరుగా మార్చింది. నాటక రచయిత విల్ పవర్ 2006లో న్యూయార్క్‌లో ప్రదర్శించిన నాటకంలో, ప్రాచీన గ్రీకు రచయిత ఈస్కిలస్ రాసిన విషాదాంత కథను ఒక డీజే నడిపిస్తుంది. 2000లో నటుడు, రచయిత డానీ హోక్ న్యూయార్క్‌లో హిప్ హాప్ నాటకోత్సవాన్ని మొదలుపెట్టాడు. లండన్‌లోని శాడ్లర్స్ వెల్స్ నాట్యశాలలో 2004 నుంచి నర్తకుడు జాంజీ డి ఆధ్వర్యంలో హిప్ హాప్ నృత్య నాటకాల ఉత్సవం జరుగుతోంది. దొరికినన్ని వీడియోలు చూడండి. అయితే బ్రాంక్స్ వీధులను మాత్రం అరువు తెచ్చుకోకండి. తుపాకులు, గొలుసులు, మీరు ఎన్నడూ మాట్లాడని యాస కథలో వద్దు. మీకు తెలిసిన మనుషుల గొడవ చాలు.

ఏ కథ పనికొస్తుంది?

మాట దక్కనివాళ్ళ కథ, పేరు కోసం పెనుగులాడేవాళ్ళ కథ, ఇద్దరి మధ్య తేలని లెక్క ఉన్న కథ. ఈ మూడింటిలో ఒకటైనా ఉంటే పని నడుస్తుంది. గ్రాఫిటీ అంటే తనను లెక్కచేయని ఊరి గోడ మీద తన పేరు రాసుకోవడం. బాటిల్ (పోటీ) అంటే అందరి ముందూ తేల్చుకోవడం. అందరూ గుండ్రంగా నిలబడితే ఒక్కొక్కరే మధ్యలోకి వచ్చి ఆడి, పాడి, తిరిగి అంచుకు వెళ్ళడాన్ని సైఫర్ అంటారు. అందులో చుట్టూ ఉన్నవాళ్ళందరూ సాక్షులే. తీరిగ్గా, లోలోపల మనసు మారిపోయే కథలకు ఈ రూపం అంతగా నప్పదు. వాటిని వేరే నాటకానికి ఉంచుకోండి.

అంగాలకు పని అప్పగించండి

ఎంసీని సూత్రధారుడిగా వాడుకోవడం అందరికీ తట్టేదే. అది బాగానే ఉంటుంది, కాకపోతే ఎంసీకి కూడా ఈ కథలో పోగొట్టుకునేది ఏదో ఒకటి ఉండాలి. లేకపోతే అతను వ్యాఖ్యాతగా మిగిలిపోతాడు.

డీజే చేతిలో ఉన్నది కాలం. రికార్డును వెనక్కి తిప్పితే దృశ్యం వెనక్కి వెళ్ళాలి. నటులు మొదటి చోటికి చేరి, ఈసారి వేరే జవాబు చెప్పాలి. మొదటి అంకంలో తల్లి అన్న ఒక వాక్యాన్ని రికార్డు చేసి, చివరి అంకంలో స్క్రాచ్ చేస్తూ, అంటే రికార్డును చేత్తో ముందుకూ వెనక్కూ కదుపుతూ, ముక్కలు ముక్కలుగా వినిపిస్తే ప్రేక్షకులు ఆ గొంతును వెంటనే గుర్తుపడతారు. డీజేని వింగ్ వెనక దాచడం శుద్ధ దండగ. వేదిక మీదే, అందరికీ కనబడేలా పెట్టండి.

బ్రేకింగ్‌ను మాట ఆగిపోయిన చోట పెట్టండి. నిలబడి వేసే టాప్‌రాక్ పరిచయానికి పనికొస్తుంది, నేల మీది ఫుట్‌వర్క్ వాదనకు, కదలకుండా బిగుసుకుని నిలిచే ఫ్రీజ్ తీర్పుకు. చేతుల మీద, వీపు మీద, తల మీద గిరగిర తిరిగే పవర్ మూవ్‌లు చప్పట్లు తెస్తాయి కాబట్టి వాటిని అన్ని చోట్లా ఇరికించాలనిపిస్తుంది. నాటకం మొత్తంలో రెండు మూడు చోట్ల చాలు, అదీ పాత్రకు వేరే దారి లేనప్పుడే.

బాటిల్ దృశ్యాన్ని రాయడం

నాటకానికి వెన్నెముక ఇదే కాబట్టి ఎక్కువ సమయం ఇక్కడే పెట్టండి. ఒక అన్న, ఒక చెల్లెలు, చనిపోయిన తండ్రి కట్టిన ఇల్లు అనుకుందాం. అన్న అమ్మేద్దామంటాడు, చెల్లెలు వద్దంటుంది. మూడు రౌండ్లు. ప్రతి రౌండూ ఎదుటివాళ్ళ చివరి మాటను అందుకుని మొదలవ్వాలి. బాటిల్‌లో ఎదుటివాళ్ళ మాట వినకుండా, ముందే కట్టుకొచ్చిన చరణాలు అప్పజెప్పేవాళ్ళను ఎవరూ మెచ్చుకోరు. నాటకంలోనూ అంతే. మొదటి రౌండులో వెటకారం. రెండో రౌండులో ఇంతవరకు ఎవరూ నోరెత్తని పాత విషయం ఒకటి బయటపడాలి. మూడో రౌండులో ఎవరో ఒకరు పోటీ ఓడి, దృశ్యం గెలవాలి. అన్న గొప్పగా ర్యాప్ చేసి ఆగుతాడు. బీట్ నడుస్తూనే ఉంటుంది. చెల్లెలు మైకు తీసుకుని ఏమీ అనదు. ఆ ఎనిమిది బార్ల (బారు అంటే నాలుగు దెబ్బల కొలత) మౌనాన్ని భరించడం ఏ నటుడికైనా కష్టమే, అందుకే రాయాలి.

ర్యాప్ రాయడం

ముందు లెక్క. సాధారణంగా ఒక ర్యాప్ చరణం 16 బార్లు, బారుకు 4 దెబ్బలు, మొత్తం 64. నిమిషానికి 90 దెబ్బల బీట్ మీద అది దాదాపు 43 సెకన్లలో అయిపోతుంది. ఆ 43 సెకన్లలో పాత్ర మొదలైన చోటే ముగిస్తే ఆ చరణం కొట్టేయండి, ప్రాసలు ఎంత బాగున్నా సరే.

తెలుగులో రాసేవారికి ఒక చిక్కు ఉంది. ఒకే మనిషి తన గురించి చెబుతుంటే మన క్రియలు చాలావరకు ఒకే తీరుగా ముగుస్తాయి. వచ్చాను, చూశాను, అడిగాను అంటూ పోతే అంత్యప్రాస ఉచితంగా వచ్చి పడుతుంది. ఉచితంగా వచ్చినదానికి విలువ లేదు, నాలుగో పాదానికే చెవి విసిగిపోతుంది. దానికి బదులు పద్యంలోని సరుకు వాడండి. పాదాల్లో రెండో అక్షరం కలిపే ప్రాస, పాదం మధ్యలో మొదటి అక్షరాన్ని మళ్ళీ పలికించే యతి బీట్ మీద బ్రహ్మాండంగా పలుకుతాయి. చెల్లెలి రౌండుకు ఇలా రాయవచ్చు:

ఇల్లు నాన్న పేరు మీద, ఇటుక అమ్మ చెమట మీద
చిల్లు పడ్డ కప్పు కింద చినుకు కూడ మనది కాదా?

ఇందులో చివరి మాట తప్ప ప్రతి మాటా మూడు మాత్రలే (లఘువుకు ఒక మాత్ర, గురువుకు రెండు). దెబ్బకు ఒక మాట పడుతుంది, నాలుగు మాటలకు ఒక బారు. పాదం రెండు బార్లు. మూడు మాత్రల నడక బీట్ మీద ఊగుతూ సాగుతుంది, దెప్పిపొడుపుకు పనికొస్తుంది. అన్నకు నాలుగు మాత్రల నడక ఇచ్చి చూడండి. ఇద్దరి తేడా అర్థంలోకి వెళ్ళకముందే చెవికి తెలిసిపోతుంది. చివరి ‘కాదా’ను కావాలనే సాగదీశాం. ఊపిరి పీల్చే చోటు అదే.

ఊపిరి చోట్లను స్క్రిప్ట్‌లో గుర్తు పెట్టండి. రాసేటప్పుడు కూర్చుని రాస్తాం, పాడేవాళ్ళు పరుగెత్తుతూ పాడతారు.

మరో మాట. ఖాళీ బార్లు కొన్ని స్క్రిప్ట్‌లోనే వదలండి. మొదటి పాదం, చివరి పాదం మీవి. మధ్యలో ఏం పాడాలో ఆ రోజు ఆ నటుడి ఇష్టం. ఫ్రీస్టైల్‌కు చోటే లేని హిప్ హాప్ నాటకం చూస్తే నాకు చిన్న అనుమానం కలుగుతుంది.

మనుషులు, రిహార్సళ్ళు

డీజేని, నర్తకులను చివరి వారంలో పిలవకండి. రాత మొదలైన రోజు నుంచే గదిలో ఉండాలి. ర్యాప్ నేర్చుకున్న నటుడు మేలా, నటన నేర్చుకున్న ర్యాపర్ మేలా అని వాదన నడుస్తూనే ఉంటుంది. నా ఓటు రెండోవాడికే. లయ ఒంట్లో ఉన్నవాడికి ఎదుటి పాత్ర మాట వినడం నేర్పవచ్చు. లయ లేనివాడు లెక్కపెట్టుకుంటూ నటిస్తాడు, ఆ లెక్క ముఖంలో కనబడుతుంది.

ప్రతి రిహార్సల్‌ను సైఫర్‌తో మొదలుపెట్టండి. దర్శకుడితో సహా అందరూ ఒక్కసారైనా మధ్యలోకి రావాలి. మొదట్లో సిగ్గు, తర్వాత అదే అలవాటు అవుతుంది. మణికట్టు, భుజం, మెడ బాగా వేడెక్కకముందు ఎవరినీ నేల మీదికి దించకండి. పవర్ మూవ్ ఉన్న దృశ్యాన్ని ఎక్కువసార్లు ఆ మూవ్‌ను ఊరికే సూచించి నడిపించండి, కొన్నిసార్లు మాత్రమే పూర్తి వేగంతో చేయించండి. ఆ మూవ్ అయిన వెంటనే అదే మనిషికి ర్యాప్ ఇవ్వడం క్రూరత్వం. మాట ఇంకొకరికి అందించండి.

నేల, మైకు, చప్పుడు

నేల నునుపుగా ఉండాలి, అతుకులు తగలకూడదు. సిమెంటు నేల కీళ్ళకు చేటు, తివాచీ మీద తలపై గిర్రున తిరగడం కుదరదు. చెక్క వేదిక మేలు. ప్రదర్శనకు ముందూ విరామంలోనూ చెమట, దుమ్ము తుడవాలి. బ్రేకింగ్ నేలకు దగ్గరగా జరుగుతుంది కాబట్టి ప్రేక్షకుల కుర్చీలు ఒకే ఎత్తులో ఉంటే మూడో వరుస నుంచి ఏమీ కనబడదు. మెట్ల వరుసలున్న హాలు వెతకండి. లేదా వేదికకు మూడు వైపులా కూర్చోబెట్టండి, అప్పుడు వాళ్ళే సైఫర్ అవుతారు.

టర్న్‌టేబుల్‌ను గంతులు వేసే నేల మీద, బాస్ స్పీకరు పక్కన పెడితే సూది ఎగురుతుంది. దానికి బరువైన బల్ల, విడిగా ఒక చోటు కావాలి.

తలకు తగిలించే మైకు తల మీద తిరిగేవారికి ఎలాగూ నిలవదు. చేతి మైకునే వాడి, దాన్ని కథలోకి తీసుకోండి. మైకు ఎవరి చేతిలో ఉంటే మాట వాళ్ళది. లాక్కోవడం, దాచడం, ఇవ్వకుండా ఏడిపించడం అన్నీ నటనే. మైకు తలను పిడికిట్లో మూసి పట్టుకునే అలవాటు మాత్రం మాన్పించండి. మాట బొంగురుపోతుంది, స్పీకర్లు కూత పెడతాయి. మాటలు ఉన్నంతసేపు బీట్‌లో గొంతు స్థాయిలో మోగే వాయిద్యాలను తగ్గించమని సౌండ్ ఇంజినీరుకు చెప్పండి. మాట వినబడకపోతే మీరు రాసిందంతా వృథా.

లైట్లు: ఒళ్ళు కనబడాలంటే పక్కల నుంచి, నోరు కనబడాలంటే ముందు నుంచి. గబగబా మెరిసే లైట్లు వాడితే మూర్ఛ ఉన్నవారి కోసం ముందే బోర్డు పెట్టాలి.

గ్రాఫిటీకి మూసిన హాలులో స్ప్రే డబ్బాలు వద్దు. వాటి ఆవిరి ఊపిరితిత్తులకు చేటు, నిప్పంటుకునే సరుకు. నీటి రంగు మార్కర్లతో అట్టల మీద రాయించండి, లేదా ప్రొజెక్టరుతో చూపించండి.

అనుమతులు

ఇతరుల పాటలో ముక్క వాడితే రెండు హక్కులు అడగాలి: పాట కట్టినవారిది ఒకటి, రికార్డింగు ఎవరిదో వారిది ఇంకొకటి. డబ్బు కట్టి ఫోనులో వింటున్నాం కదా అంటే కుదరదు. మీ డీజేతో కొత్త బీట్లు చేయించుకుని, ఎవరికి ఏ హక్కో కాగితం మీద రాసుకోవడం అన్నిటికన్నా తేలిక. మరో బృందం ప్రత్యేకంగా కనిపెట్టిన మూవ్‌ను చెప్పకుండా ఎత్తుకురావడం ఈ సంస్కృతిలో పెద్ద తప్పు. అడగండి, పేరు చెప్పండి.

ప్రేక్షకులు

నాటకం చూసేవారికి నిశ్శబ్దంగా కూర్చోవడం అలవాటు. అరవవచ్చని మొదటి రెండు నిమిషాల్లోనే ఎంసీ నేర్పాలి. తాను ఒకటి అంటే జనం తిరిగి ఏమనాలో రెండుసార్లు పలికించాలి. హాలు సిబ్బందికీ ఈ సంగతి ముందే చెప్పండి, లేకపోతే చప్పట్లు కొట్టినవారిని వాళ్ళే గదమాయిస్తారు. మొదటి ర్యాప్ నెమ్మదిగా, తక్కువ మాటలతో ఉండాలి. చెవి ఆ వేగానికి అలవాటు పడ్డాక ఎంతైనా పెంచవచ్చు.

అసలు ప్రదర్శనకు ముందు కథ తెలియని కొద్దిమందికి ఒకసారి వేసి చూపించండి. బాగుందా అని అడగకండి, బాగుందనే అంటారు. అన్న ఇల్లు ఎందుకు అమ్మాలనుకున్నాడు, రెండో రౌండులో ఏ రహస్యం బయటపడింది, మైకు చివరికి ఎవరి దగ్గర ఉంది అని అడగండి. జవాబు రాని చోట బీట్ వేగం తగ్గించండి. అప్పటికీ రాకపోతే మాటలు సగం చేసి, మళ్ళీ అదే పరీక్ష పెట్టండి.