కాలిఫోర్నియాలో చైల్డ్ కేర్ సెంటర్ లైసెన్సు: టీచర్ల అర్హతలు, సిబ్బంది ఫైళ్లు సరిచూసుకోవడం ఎలా?

ఫ్రీమాంట్, శాన్ రామోన్, కూపర్టినో చుట్టుపక్కల ప్రీస్కూలు పెట్టాలనుకునే తెలుగువాళ్లు మొదట వెతికేది స్థలం. ఆ తర్వాత రంగురంగుల కుర్చీలు, ఆటవస్తువులు, పెరటికి కంచె, వెబ్‌సైటు. టీచర్ల కాగితాల సంగతి చిట్టచివర, లైసెన్సింగ్ అధికారి వస్తున్నారని తెలిశాక గుర్తొస్తుంది. నా దృష్టిలో ఈ వరస తలకిందులు. గోడకు రంగు పోతే రెండు రోజుల్లో వేయించవచ్చు. టీచరుకు 4 యూనిట్లు (కాలేజీ కోర్సులను కొలిచే క్రెడిట్లు) తక్కువని తేలితే మాత్రం ఆమె ఆ కోర్సులు పూర్తిచేసేదాకా ఆగవలసిందే.

కాలిఫోర్నియాలో ఈ లైసెన్సులు ఇచ్చేది రాష్ట్ర సాంఘిక సేవల శాఖలోని కమ్యూనిటీ కేర్ లైసెన్సింగ్ విభాగం. పాటించవలసినవి రాష్ట్ర నిబంధనావళిలోని టైటిల్ 22 అనే భాగంలోని నిబంధనలు. టీచరు అర్హతలు 101216.1 సెక్షన్‌లో, సిబ్బంది రికార్డులు 101217 సెక్షన్‌లో ఉంటాయి. ఇంట్లో నడిపే ఫ్యామిలీ చైల్డ్ కేర్‌కు నిబంధనలు వేరు. టెక్సస్, న్యూజెర్సీ వంటి రాష్ట్రాల లెక్కలు కూడా వేరు కాబట్టి అక్కడివారు ఈ అంకెలను అలాగే వాడుకోవద్దు.

1. ముందు ఎవరు ఏ హోదాలో ఉన్నారో రాసుకోండి

‘మా దగ్గర అయిదుగురు టీచర్లున్నారు’ అంటే చాలదు. డైరెక్టర్, టీచరు, పసిపిల్లల గది టీచరు, సహాయకురాలు (ఇక్కడ ఎయిడ్ అంటారు) అని నాలుగు వరుసలు గీసి, ఒక్కొక్కరి పేరు ఎక్కడ వస్తుందో రాయండి. హోదాను బట్టే కావలసిన కాగితాలు మారతాయి. ప్రీస్కూలు వయసు పిల్లలు 12 మందికి ఒక టీచరు ఉండాలి. టీచరుతోపాటు ఒక సహాయకురాలు ఉంటే 15 మంది దాకా చూసుకోవచ్చు. పసిపిల్లల గదిలో నలుగురికి ఒకరు. మీరు టీచరు అనుకున్న మనిషి కాగితాల మీద సహాయకురాలిగా తేలితే ఆ గది లెక్క మొత్తం తప్పుతుంది.

పూర్తి అర్హత గల టీచరుకు బాల్య విద్య లేదా శిశు వికాసంలో 12 సెమిస్టరు యూనిట్లు, దానితోపాటు 6 నెలల అనుభవం కావాలి. ఆ యూనిట్లలో మూడు విషయాలు తప్పనిసరి: పిల్లల ఎదుగుదల, వికాసం ఒకటి, బిడ్డ, కుటుంబం, సమాజం రెండోది, బోధన కార్యక్రమం లేదా పాఠ్యప్రణాళిక మూడోది. పసిపిల్లల గది టీచరుకైతే శిశు సంరక్షణకు సంబంధించినవి 3 యూనిట్లు ఉండాలి. డైరెక్టరుకు వీటికి అదనంగా నిర్వహణ లేదా సిబ్బంది సంబంధాల మీద 3 యూనిట్లు కావాలి. చదువు స్థాయిని బట్టి ఏడాది నుంచి నాలుగేళ్ల దాకా బోధనానుభవం కూడా అడుగుతారు.

2. ట్రాన్స్‌క్రిప్టును కోర్సు కోర్సుగా చదవండి

తప్పులన్నీ దొర్లేది ఇక్కడే కాబట్టి దీని మీద కాస్త ఎక్కువసేపు కూర్చోండి. ట్రాన్స్‌క్రిప్టు (చదివిన కోర్సులు, యూనిట్లు, గ్రేడ్ల పట్టిక) కాలేజీ నుంచి నేరుగా మీకు రావాలి, సీలు వేసిన కవరులోనైనా, కాలేజీ పంపే ఎలక్ట్రానిక్ ప్రతిగానైనా. ఫోనులో తీసిన ఫొటోతో సరిపెట్టుకోవద్దు. విద్యార్థి అనుమతి లేకుండా కాలేజీ మార్కులు చెప్పదు కనుక, మీ ఈమెయిలుకు పంపమని అభ్యర్థి చేతే కోరించండి.

వచ్చాక మొదట చూడవలసింది ఆ కాలేజీ సెమిస్టరు పద్ధతిలో నడుస్తుందా, క్వార్టరు పద్ధతిలోనా అన్నది. ఫ్రీమాంట్‌లోని ఓలోనీ కాలేజీది సెమిస్టరు పద్ధతి. కూపర్టినోలోని డి ఆంజా కాలేజీది క్వార్టరు పద్ధతి. ఒక క్వార్టరు యూనిట్ అంటే సెమిస్టరు యూనిట్‌లో మూడింట రెండు వంతులే. ఉదాహరణకు ఒకామె డి ఆంజాలో ఒక్కోటి 4 యూనిట్ల చొప్పున మూడు కోర్సులు చదివారనుకుందాం. ట్రాన్స్‌క్రిప్టు అడుగున మొత్తం 12 అని కనిపిస్తుంది. ఆమె కూడా నిజాయితీగానే ‘నాకు 12 యూనిట్లు ఉన్నాయండి’ అంటారు. మీరు 12ను 2తో గుణించి 3తో భాగిస్తే వచ్చేది 8. పూర్తి అర్హతకు ఇంకా 4 సెమిస్టరు యూనిట్లు, అంటే 6 క్వార్టరు యూనిట్లు తక్కువ.

అంతమాత్రాన ఆమెను వదులుకోనక్కర్లేదు. కనీసం 6 సెమిస్టరు యూనిట్లు పూర్తయి ఉంటే టీచరుగా తీసుకోవచ్చు. అయితే 12 నిండేదాకా ప్రతి సెమిస్టరులో లేదా క్వార్టరులో కనీసం 2 యూనిట్లు చదివి ఉత్తీర్ణత పొందుతూ ఉండాలి. అటువంటివారి ఫైలులో కొత్త కోర్సులో చేరిన రశీదు, అది ముగిశాక గ్రేడు కాగితం ఎప్పటికప్పుడు చేరాలి. ఒక సెమిస్టరో క్వార్టరో చదవకుండా దాటిపోయిందంటే అర్హత దెబ్బతిన్నట్టే. తేదీని కేలండరులో మీరే గుర్తుపెట్టుకోండి, ఆమె జ్ఞాపకం మీద వదలొద్దు.

ఇంకా చదువుతున్న కోర్సులు, ఉత్తీర్ణత రానివి, క్రెడిట్ లేని వర్క్‌షాపులు లెక్కలోకి రావు. ఒకే కోర్సు రెండుసార్లు చదివినా లెక్క ఒక్కసారే. కోర్సు పేరు చూసి విషయం తెలియకపోతే కాలేజీ కేటలాగులోని వివరణను ముద్రించి ట్రాన్స్‌క్రిప్టు వెనక జతచేయండి. తనిఖీలో వాదన మిగలదు.

యూనిట్ల లెక్కకు బదులు పర్మిట్ చూపించేవారూ ఉంటారు. కాలిఫోర్నియా టీచర్ క్రెడెన్షియలింగ్ కమిషన్ ఇచ్చే చైల్డ్ డెవలప్‌మెంట్ అసోసియేట్ టీచర్ పర్మిట్ లేదా టీచర్ పర్మిట్ అయితే సరిపోతుంది. చేతికిచ్చిన జిరాక్సును నమ్మకుండా కమిషన్ వెబ్‌సైటులో పేరు కొట్టి చూడండి. పర్మిట్ స్థాయి, గడువు తేదీ అందరికీ కనిపిస్తాయి. సీడీఏ (చైల్డ్ డెవలప్‌మెంట్ అసోసియేట్) అనే జాతీయ సర్టిఫికెట్ ఉన్నవారికి దానితోపాటు 6 నెలల అనుభవం ఉండాలి. దాని గడువు మూడేళ్లే కాబట్టి తేదీ చూడండి.

3. ఇండియాలో చదివినవారి కాగితాలు

భర్త ఉద్యోగం మీద వచ్చి, పని చేసే అనుమతి దొరకగానే ప్రీస్కూళ్లలో చేరే మన ఆడవాళ్లు బే ఏరియాలో తక్కువేమీ కాదు. చాలామందికి బీఈడీ ఉంటుంది, కొందరికి పీజీ కూడా. కానీ బీఈడీ బడి పిల్లలకు పాఠం చెప్పే చదువు. అందులో శిశు వికాసం కింద ఎన్ని యూనిట్లు వస్తాయో డిగ్రీ పేరు చెప్పదు. హోమ్ సైన్సులో చైల్డ్ డెవలప్‌మెంట్ చదివినవారికి ఎక్కువ కలిసొచ్చే అవకాశం ఉంది. ఏదైనా సరే, విదేశీ చదువులను మదింపు చేసే సంస్థ నుంచి కోర్సువారీ నివేదిక తెప్పించాలి. ‘ఈ డిగ్రీ అమెరికా బ్యాచిలర్స్‌తో సమానం’ అన్న ఒక్క వాక్యం మీకు పనికిరాదు, ప్రతి సబ్జెక్టుకు సెమిస్టరు యూనిట్లు రాసి ఉండాలి. ముందుముందు పర్మిట్‌కు దరఖాస్తు పెట్టే ఆలోచన ఉంటే కమిషన్ ఆమోదించిన సంస్థనే ఎంచుకోమనండి, రెండోసారి డబ్బు పోయకుండా ఉంటుంది. నివేదిక వచ్చాక మీకు మీరే తీర్పు చెప్పుకోకుండా మీ సెంటర్‌ను చూసే లైసెన్సింగ్ అధికారికి ఈమెయిలు రాసి, జవాబును ఫైలులో పెట్టండి.

పేర్లు మరో చిక్కు. పదో తరగతి మెమోలో ఇంటిపేరు పొడి అక్షరం, డిగ్రీలో పుట్టింటి పేరు, పాస్‌పోర్టులో భర్త ఇంటిపేరు. మనకు ఇందులో వింతేమీ లేదు కానీ, ఫైలు తిరగేసే అధికారికి ఇవి ముగ్గురు మనుషుల కాగితాల్లా కనిపిస్తాయి. పెళ్లి సర్టిఫికెట్టు గానీ, పేరు మార్పు పత్రం గానీ పైన పెట్టండి. వేలిముద్రల దరఖాస్తులో కూడా పాత పేర్లన్నీ రాయించండి.

4. అనుభవ పత్రాన్ని ఫోనుతో సరిచూడండి

6 నెలల అనుభవానికి నిబంధన ఇచ్చే కొలత ఇది: ఆరు నెలల వ్యవధిలో కనీసం 50 రోజులు, రోజుకు కనీసం 3 గంటలు, అర్హత గల టీచరు లేదా డైరెక్టరు పర్యవేక్షణలో పనిచేసి ఉండాలి. జీతం లేకుండా చేసినా చెల్లుతుంది. కాబట్టి ‘మా దగ్గర చాలా బాగా పనిచేసింది’ అనే ఉత్తరం ఎంత ముచ్చటగా ఉన్నా చాలదు. మొదటి రోజు, చివరి రోజు, రోజుకు గంటలు, హోదా, పిల్లల వయసు, సెంటర్ లైసెన్సు నంబరు, సంతకం చేసినవారి హోదా అందులో ఉండాలి.

లైసెన్సు నంబరును లైసెన్సింగ్ విభాగం వెబ్‌సైటులో వెతికి, అక్కడ ఉన్న ఫోను నంబరుకే చేయండి. ఉత్తరం మీది నంబరుకు చేస్తే అవతల ఎవరైనా ఎత్తవచ్చు. ఎవరితో మాట్లాడారో, ఏ తేదీన మాట్లాడారో, ఏం చెప్పారో ఒక కాగితం మీద రాసి ఫైలులో చేర్చండి. హైదరాబాదులోనో విజయవాడలోనో చేసిన అనుభవమైతే ఇక్కడ రాత్రి ఎనిమిదిన్నరకు చేయండి. అక్కడ ఉదయం తొమ్మిదో పదో అవుతుంది, బడి ఆఫీసులో మనుషులుంటారు.

5. వేలిముద్రల క్లియరెన్సు రాకుండా గడప దాటనివ్వొద్దు

ఈ ఒక్క విషయంలో మొహమాటం పనికిరాదు. లైవ్ స్కాన్ కేంద్రంలో వేలిముద్రలు ఇచ్చినట్టు తెచ్చే రశీదు క్లియరెన్సు కాదు. రాష్ట్ర న్యాయశాఖ, ఎఫ్‌బీఐ, పిల్లలపై హింస కేసుల సూచిక, ఈ మూడింటి తనిఖీ పూర్తయి శాఖ నుంచి అనుమతి రావాలి. శాఖ వారి గార్డియన్ అనే ఆన్‌లైన్ వ్యవస్థలో మీ సెంటర్ జాబితాలో ఆ టీచరు పేరు కనిపించాలి. వేరే సెంటర్‌లో క్లియరెన్సు ఉన్నవారినైనా మీ సెంటర్‌కు బదిలీ చేయించాకే పనిలో పెట్టుకోవాలి. పొరుగు సెంటర్ నుంచి వచ్చినవారి విషయంలో ఎక్కువమంది జారిపడేది ఇక్కడే. క్లియరెన్సు లేకుండా పనిచేయిస్తే మనిషికి రోజుకు 100 డాలర్ల చొప్పున జరిమానా పడుతుంది. పిల్లలకు తక్షణ ప్రమాదంగా భావించే ‘టైప్ ఎ’ లోపంగా రాస్తే, ఆ నివేదికను 30 రోజులు గోడకు అతికించి తల్లిదండ్రులందరికీ ప్రతి ఇవ్వాలి. జరిమానా కట్టేసి మరిచిపోవచ్చు, ఈ కాగితాన్ని తల్లిదండ్రులు మరిచిపోరు.

6. ఆరోగ్యం, శిక్షణ

ఆరోగ్య పరీక్ష, క్షయ పరీక్ష ఉద్యోగంలో చేరడానికి ముందు ఏడాదిలోపల గానీ, చేరిన 7 రోజుల్లోపల గానీ జరిగి ఉండాలి. తట్టు, కోరింత దగ్గు టీకాల రుజువు ఉండాలి. ఫ్లూ టీకా ఏటా ఆగస్టు 1, డిసెంబరు 1 మధ్య వేయించుకోవాలి, వద్దనుకునేవారు రాతపూర్వకంగా చెప్పవచ్చు. పిల్లలపై హింసను గుర్తించి ఫిర్యాదు చేయడం మీద ఆన్‌లైన్ శిక్షణ చేరిన 90 రోజుల్లో పూర్తిచేసి, రెండేళ్లకోసారి మళ్లీ చేయాలి. సీపీఆర్ (గుండె, శ్వాస ఆగినప్పుడు చేసే అత్యవసర చికిత్స), ప్రథమ చికిత్స కార్డులు పిల్లలకు సంబంధించినవే అయివుండాలి, అమెరికన్ రెడ్ క్రాస్ లేదా అమెరికన్ హార్ట్ అసోసియేషన్ ఇచ్చినవి గానీ, రాష్ట్ర అత్యవసర వైద్య సేవల సంస్థ ఆమోదించిన శిక్షణవి గానీ కావాలి. బొమ్మ మీద చేత్తో సాధన చేయించకుండా కంప్యూటర్ మీద అరగంటలో ఇచ్చే సీపీఆర్ కార్డులు చెల్లవు.

7. ఫైలు కట్టండి

ఒక్కొక్కరికి ఒక ఫైలు. పైన సిబ్బంది వివరాల ఫారం ఎల్‌ఐసీ 501 (మన జీవిత బీమాకు, దీనికి సంబంధం లేదు), కింద నేర చరిత్ర ప్రకటన ఎల్‌ఐసీ 508, ఆరోగ్య నివేదిక ఎల్‌ఐసీ 503, హింసను ఫిర్యాదు చేసే బాధ్యతపై సంతకం చేసిన ఎల్‌ఐసీ 9108. వాటి వెనక ట్రాన్స్‌క్రిప్టు, మీరు వేసిన యూనిట్ల లెక్క, అనుభవ పత్రం, క్లియరెన్సు రుజువు, టీకాలు, శిక్షణ సర్టిఫికెట్లు. పిల్లలను వ్యానులో తీసుకెళ్లేవారైతే డ్రైవింగ్ లైసెన్సు నంబరు కూడా కావాలి. ఆరోగ్య కాగితాలను అదే ఫైలులో విడి కవరులో పెట్టండి. అమెరికాలో పనిచేసే అనుమతి ఉందని చూపే ఐ-9 ఫారాన్ని మాత్రం ఈ ఫైలులో పెట్టకుండా వేరుగా దాచండి. అధికారి అడిగినప్పుడు పనివేళల్లో ఫైళ్లు చేతికందాలి. తాళంచెవి డైరెక్టరు ఒక్కరి దగ్గరే ఉండి, ఆవిడ సెలవులో ఉంటే కుదరదు.

8. తనిఖీ మీరే ముందు చేయండి

ఆ రోజు సిబ్బంది హాజరు పట్టీ, ఎవరు ఏ వేళల్లో పనిచేస్తారో చూపే ఎల్‌ఐసీ 500, గార్డియన్ జాబితా, ఫైళ్లు, ఈ నాలుగూ బల్ల మీద పెట్టుకోండి. ప్రతి పేరూ నాలుగింటిలోనూ ఉండాలి, చేరిన తేదీ అన్నిచోట్లా ఒకటే ఉండాలి. ఆ తర్వాత తేదీల వరస: చేరిన రోజు కన్నా క్లియరెన్సు తేదీ ముందుందా? ఆరోగ్య పరీక్ష గడువులో ఉందా? సీపీఆర్ కార్డు రెండేళ్లు దాటిందా? గడువు తీరబోయేవాటిని ఒక పట్టికలో రాసి, రెండు నెలల ముందే టీచర్లకు చెప్పండి. ఉత్తినే చెబితే సరిపోదు, శిక్షణకు వెళ్లే రోజున గదిలో ఎవరుంటారో కూడా మీరే చూడాలి.

9. ఉద్యోగం మానేసినవారి ఫైలు

ఎవరైనా మానేస్తే ఫైలు మీద చివరి తేదీ వేసి, గార్డియన్ జాబితా నుంచి పేరు తీసేయండి. తీయకపోతే ఆమె ఇంకా మీ సెంటర్ మనిషిగానే లెక్క. లైసెన్సింగ్ నిబంధన ఫైలును 3 ఏళ్లు ఉంచమంటుంది. 2022 నుంచి కాలిఫోర్నియాలో యజమానులు సిబ్బంది రికార్డులను 4 ఏళ్లు ఉంచాలన్న చట్టం కూడా ఉంది కనుక 4 ఏళ్ల లెక్కే పెట్టుకుని, పారేయవలసిన తేదీని ఫైలు అట్ట మీద రాసి విడి పెట్టెలో సర్దండి.