టీవీలో సాక్ష్యాల చార్టు చూపించేటప్పుడు చిన్న చిట్కా

ఎవరి ఖాతా నుంచి ఎవరికి డబ్బు వెళ్లిందో టీవీలో చెప్పడం మొదలుపెడితే, చూసేవాళ్లు మూడో పేరు దగ్గరే తప్పిపోతారు. పేరుకో బాక్సు చొప్పున ఇరవై బాక్సుల చార్టు మొత్తం ఒకేసారి తెర మీద పెడితే ఇంకా అయోమయం.

ముందు కాగితం మీద అంతా గీసుకుని, ఆ కథనానికి అక్కర్లేని పేర్లు కొట్టేయండి. ఐదారు బాక్సులే మిగలాలి. మొదట ఒక్కటే చూపించండి. యాంకర్ రెండో పేరు పలికినప్పుడే రెండో బాక్సు, దాంతోపాటు బాణం. పేరు కింద తేదీ, ఎంత డబ్బో, అంతే. ఒకరికి ఇచ్చిన రంగు చివరిదాకా మారకూడదు. తెర మీది మాటల్ని నెమ్మదిగా రెండుసార్లు పైకి చదివేంతసేపు బొమ్మ నిలవాలి. కింది భాగం ఖాళీగా వదలండి, లేకపోతే తెర అడుగున పరుగెత్తే వార్తల స్క్రోలింగ్ వచ్చి సగం మింగేస్తుంది (నాకు ఇది లైవ్‌లోనే తెలిసింది). అయ్యాక ఫోన్‌లో, చేయి చాపినంత దూరంలో పెట్టి చూడండి. చదవలేకపోతే అక్షరాలు పెంచి సరిపెట్టొద్దు, ఒక బాక్సు తీసేయండి.

ఒక్క జాగ్రత్త. బాణం గీశామంటే చూసేవాళ్లకు అది రుజువైపోయినట్టే. అందుకే పత్రం ఉన్నచోటే నిండు గీత. వినికిడి మాటైతే చుక్కల గీత గీసి, పక్కన ‘ఆరోపణ’ అని రాయాలి. ఇద్దరు సాక్షుల మాటలు ఒకదానికొకటి పొసగని కేసులో మాత్రం ఈ బాణాలు పనికిరావు, అక్కడ రెండు వాంగ్మూలాలనూ పక్కపక్కన పెట్టి చూపించడమే నయం.