ఇసుక రేవు పక్కన బావినీటిని కాపాడుకునే పద్ధతి

ధవళేశ్వరం దిగువన ఇసుక కోసం నది అడుగును లోతుగా తవ్వితే, గట్టు పక్క ఫిల్టర్ పాయింట్లలోని (లోతు తక్కువ గొట్టపు బావుల్లోని) నీరు నది వైపు జారిపోతుంది. సముద్రం దగ్గరి పాయల్లో పోటుతో పాటు ఉప్పునీరు మరింత పైకి ఎక్కుతుంది. కాబట్టి రేవు తెరవకముందే కొలతలు మొదలుపెట్టాలి. మే, నవంబరు నెలల్లో, మోటారు ఆపిన కొన్ని గంటల తరువాత, టేపు చివర రాయి కట్టి, బావి గోడపై సున్నంతో గుర్తు పెట్టిన ఒకే చోటు నుంచి నీటిమట్టం వరకు కొలిచి, తేదీతో పుస్తకంలో రాయాలి. టీడీఎస్ (నీటిలో కరిగిన లవణాల మొత్తం) కూడా చూడాలి. తాగునీటిలో లీటరుకు 500 మిల్లీగ్రాములలోపు ఉండడం మేలు.

కేంద్రం 2016లో ఇచ్చిన మార్గదర్శకాల ప్రకారం తవ్వకం 3 మీటర్ల లోతు వద్ద గాని, నీటిమట్టం వద్ద గాని, ఏది ముందు వస్తే అక్కడ ఆగాలి. గుంటలో ఊట కనిపించిందంటే ఆ హద్దు దాటినట్టే. నోటిమాట ఫిర్యాదు ఎక్కడా నిలవదు కనుక, ఫొటోలు, కొలతల పుస్తకం జతచేసిన గ్రామసభ తీర్మానాన్ని గనుల శాఖకు, భూగర్భజల శాఖకు పంపాలి.