స్థానిక ద్రాక్ష వైన్లు రుచి చూడటానికి వైనరీకి వెళ్తున్నారా? ముందు ఇవి చూసుకోండి

• తిరుగు ప్రయాణంలో బండి ఎవరు నడుపుతారో బయల్దేరే ముందే తేల్చుకోండి. చిన్న గ్లాసులే కదా అనిపిస్తుంది. కానీ 50 మి.లీ. చొప్పున ఆరు రకాలు తాగితే 300 మి.లీ. అవుతుంది, అంటే 750 మి.లీ. సీసాలో 40 శాతం. రుచి చూసిన వైన్‌ను మింగకుండా ఉమ్మడానికి పాత్ర పెడతారు, వాడండి. వైన్ తయారుచేసేవాళ్లే ఉమ్ముతారు, మొహమాటం దేనికి?

• ముందు ఫోన్ చేయండి, ముఖ్యంగా కోతల రోజుల్లో. చిన్న వైనరీల్లో తోటలో పని చూసేదీ, మీకు గ్లాసు అందించేదీ చాలాసార్లు ఒక్కరే. మీకు కావాల్సిన రకం అయిపోయిందేమో కూడా అప్పుడే అడగండి.

• సెంటు వద్దు. మీ ముక్కుతో పాటు పక్కవాళ్ల ముక్కూ పనిచేయదు.

• తెలిసిన వైన్‌తో పోల్చి, తేడాగా ఉంటే పాడైందనుకోకండి. జార్జియా దేశంలో ర్కత్సితెలి అనే తెల్లద్రాక్షను నేలలో పాతిన మట్టి కుండల్లో తొక్కలతో సహా పులియబెడతారు. గ్లాసులో అది కాస్త డికాక్షన్ టీలా కనిపిస్తుంది, నాలుకకు వగరు తగులుతుంది. అది లోపం కాదు, దాని పద్ధతే అంత. గ్రీసు ద్రాక్ష జినోమావ్రో అయితే పేరులోనే 'పుల్లని నలుపు' అని ఉంది! ఈమధ్యే తయారైన వైన్ అయితే ఏదైనా తింటూ తాగండి.

• తెల్ల చొక్కా మానేయండి. సపెరవి లాంటి ద్రాక్షకు తొక్కే కాదు, గుజ్జు కూడా ఎరుపే.

• కొన్న సీసాలను ఎండలో కారులో వదిలేయకండి. వేడికి వైన్ వ్యాకోచించి బిరడాను పైకి నెడుతుంది.