అన్‌ఇన్‌స్టాల్ చేస్తే గేమ్ మానినట్టు కాదు

పబ్జీని నేను ఆరుసార్లు అన్‌ఇన్‌స్టాల్ చేశాను. ఈలోగా బీటెక్‌లో నాలుగు బ్యాక్‌లాగ్‌లు పడ్డాయి. అక్క నిశ్చితార్థం రోజు మేడ మీద మ్యాచ్‌లో ఉండిపోయాను, తాంబూలాల ఫొటోల్లో నేను లేను. ఏడోసారికి మానాను. తర్వాత చుట్టాల పిల్లల్లో నలుగురిచేత మాన్పించాను. అందరూ బోల్తాపడేది ఒకేచోట.

కావాల్సినవి: ఒక అలారం గడియారం, ఇంట్లో మాటమీద నిలబడే మనిషి ఒకరు. యాప్ లాక్‌లు దండగ. తాళం వేసినవాడికి తీయడం రాదా?

1. మంగళవారం మొదలుపెట్టండి. శని, ఆదివారాలు వద్దు, స్క్వాడ్ (కలిసి ఆడే జట్టు) మొత్తం ఆన్‌లైన్‌లో ఉంటుంది.

2. గేమ్ కొనుగోళ్ల కోసం ఫోన్‌లో సేవ్ చేసిన కార్డు తీసేయండి, యూపీఐ ఆటోపే ఉంటే ఆపేయండి.

3. స్క్వాడ్ గ్రూపులోంచి బయటికి రండి. కారణం చెప్పొద్దు. చెప్పారా, "లాస్ట్ మ్యాచ్ రా మావా" అంటారు.

4. ఐడీ, అంటే గేమ్‌లో మీ ఖాతా, డిలీట్ చేయండి.

ఇక్కడ ఆగి చదవండి. 2020 సెప్టెంబరులో కేంద్రం పబ్జీని నిషేధించింది. పీడా పోయిందనుకున్నాను. 2021 జులైలో అదే ఆట బీజీఎంఐ పేరుతో మళ్లీ వచ్చింది, పాత ఐడీలోని స్కిన్‌లు (ఆటలో వేసుకునే బట్టలు, తుపాకుల రూపాలు) అందులోకి తెచ్చుకోవచ్చన్నారు. ఆ రాత్రి తెల్లవార్లూ ఆడాను. నన్ను లాగింది ఆట కాదు, డబ్బు పోసి కొన్న ఆ బట్టలు, తుపాకులు. అందుకే ఐడీ అమ్మకూడదు, తమ్ముడికీ ఇవ్వకూడదు. ఫోన్ నేలకేసి కొట్టే నాన్నలకూ ఇదే చెబుతాను: ఐడీ ఫోన్‌లో ఉండదు, సర్వర్‌లో ఉంటుంది. కొత్త ఫోన్ ఖర్చు తప్ప మిగిలేదేం లేదు.

డిలీట్ నొక్కగానే పని అయిపోదు. ఇలాంటి గేముల్లో కొన్నాళ్లు గడువిస్తారు, ఆలోపు లాగిన్ అయితే డిలీట్ రద్దయి ఐడీ అలాగే ఉండిపోతుంది. "పోయిందో లేదో చూద్దాం" అని మా పిన్ని కొడుకు రెండుసార్లు మళ్లీ మొదటికొచ్చాడు. చూడొద్దు. గడువు తీరేదాకా రాత్రి తొమ్మిదికల్లా ఫోన్ ఆ ఇంటి మనిషి చేతికివ్వండి. అలారం కోసం కావాలనే సాకు ఉండకూడదనే గడియారం కొనమన్నది. ఆ రోజుల్లో చిరాకు వస్తుంది, అన్నం సయించదు, అమ్మమీద అరుస్తారు. నేనూ అరిచాను.

5. రాత్రి పది నుంచి ఒంటిగంట వరకు ఏం చేయాలో ముందే అనుకోండి. నేను బ్యాక్‌లాగ్ పుస్తకాలు తెరిచాను, అరగంటలో నిద్రొచ్చేది.

నిద్ర అసలే పట్టకపోయినా, కోపం చెయ్యెత్తేదాకా వచ్చినా ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలి మానస్ 14416కి ఫోన్ చేయండి. ఉచితం, తెలుగులోనే మాట్లాడతారు.